చెప్పుల జోడు వెల

ధ్యాన వాక్యభాగములు: ఆమోసు 8:4-8, ద్వితీయోపదేశకాండము 25:13-16, అపొస్తలుల కార్యములు 9:43

క్రీస్తుకు పూర్వము ఎనిమిదవ శతాబ్దములో రెండవ యరొబాము ఇశ్రాయేలును ఏలుచున్న దినములలో, తెకోవ గ్రామపు పశువుల కాపరియైన ఆమోసు ఉత్తర రాజ్యమునకు వెళ్లి ప్రవచించెను. అది కరవు కాలము కాదు, యుద్ధకాలమును కాదు. సరిహద్దులు విస్తరించెను, అంగళ్లు కళకళలాడుచుండెను, పండుగలు తప్పక జరుగుచుండెను. దేవాలయములో పాటలకు కొదువ లేదు. అటువంటి సుభిక్షకాలములో ప్రవక్త నోట వెలువడిన నేరారోపణలో ఒక చిన్న వస్తువు రెండుమారులు కనబడుచున్నది. అది చెప్పుల జోడు. రెండవ అధ్యాయము ఆరవ వచనములోను, ఎనిమిదవ అధ్యాయము ఆరవ వచనములోను బీదవాని బ్రదుకును చెప్పుల జోడుకు మారకము చేసిన జనులను ఆమోసు ఖండించుచున్నాడు.

ఈ మాటకు వేదపండితులు రెండు విధములుగా అర్థము చెప్పుచున్నారు. చెప్పుల జోడంత స్వల్పమైన అప్పు నిమిత్తము మనుష్యుని దాసునిగా అమ్మివేసిరని కొందరు. రూతు గ్రంథము నాలుగవ అధ్యాయములో చెప్పు తీసి ఇచ్చుట ఆస్తి హక్కు మారుటకు గుర్తుగా నున్నది గనుక, పేదవాని భూమిని న్యాయస్థానపు తంతుతో కాజేసిరని మరికొందరు. ఏ అర్థము తీసికొన్నను సారము ఒక్కటే. వస్తువునకు వెల యున్నది, మనుష్యునికి మాత్రము లేకపోయెను.

అంతకంటె విచారింపదగినది ఆ వచనమునకు ముందున్న సంగతి. ఆ వర్తకులు అమావాస్య ఎప్పుడు గడచునా, విశ్రాంతిదినము ఎప్పుడు ముగియునా అని కాచుకొనియుండిరి. వారు పండుగను మానినవారు కారు. దేహముతో పండుగలో నుండి మనస్సుతో అంగడిలో నుండిరి. ఈ కాలములో పండుగ ముగియువరకు ఎవడును వేచియుండ నక్కరలేదు, పండుగయే అంగడిగా మారినది. డిసెంబరు మాసము ప్రవేశించుటతోనే క్రిస్మసు తగ్గింపు ధరలను గూర్చిన ప్రకటనలు పట్టణములలో గోడలనిండ వెలయును, చేతిలోని ఫోనులోను మెరయును. పిల్లలకు క్రొత్త బట్టలు, క్రొత్త బూట్లు కొనుట తెలుగు క్రైస్తవ గృహములలో తరతరముల ముచ్చట. ఆ ముచ్చటలో పాపమేమియు లేదు. అయితే ఆ బూట్ల వెలను గూర్చియు, వాటి పుట్టుకను గూర్చియు అనేకులలో కొన్ని అపోహలు నాటుకొనియున్నవి. సత్యదేవుని సేవించువారికి ధర చీటీ విషయములోనైనను సత్యము తెలియుట మేలు.

1. సంచిలోని రెండు రాళ్లు

ద్వితీయోపదేశకాండము ఇరువది అయిదవ అధ్యాయములో ఒకే సంచిలో వేర్వేరు బరువులు గల తూనికరాళ్లు ఉంచుకొనరాదని ధర్మశాస్త్రము ఆజ్ఞాపించుచున్నది. హెబ్రీ మూలములో అక్కడ 'రాయియు రాయియు' అని మాత్రమే యున్నది. చూచుటకు రెండును రాళ్లే, పేరు ఒక్కటే. కొనునప్పుడు పెద్దది, అమ్మునప్పుడు చిన్నది చేతికి వచ్చును. మోసము రాతిలో లేదు, ఏ రాయి ఎప్పుడు బయటికి తీయవలెనో ఎరిగిన చేతిలో నున్నది.

నేటి ధర చీటీమీద రెండు అంకెలుండును. పై అంకె కొట్టివేయబడియుండును, క్రింది అంకె పెద్ద అక్షరములతో నుండును. మొదటి అపోహ ఆ పై అంకెను గూర్చినదే. పెట్టెమీద ముద్రించిన గరిష్ఠ చిల్లర ధరను, అనగా వాడుకలో ఎమ్మార్పీ అను దానిని, ప్రభుత్వము నిర్ణయించినదని అనేకులు తలంచుచున్నారు. అది నిజము కాదు. 2011 నాటి తూనికలు కొలతల ప్యాకేజీ నిబంధనల ప్రకారము ఆ ధరను ముద్రించుట తప్పనిసరి. అంతకు మించి వసూలు చేయుట నేరము. కాని సాధారణముగా బూట్లవంటి సరకునకు ఆ అంకె ఎంత యుండవలెనో నిశ్చయించువాడు తయారీదారుడో దిగుమతిదారుడో. అది దాటరాని పైహద్దు మాత్రమే, వస్తువు యొక్క నిజమైన విలువ కాదు. కాబట్టి ఆ హద్దును ఎంత పైకి పెట్టిన, తగ్గింపు అంత గొప్పగా కనబడును.

ఒక ఉదాహరణ చాలును. ఒక జత బూట్ల పెట్టెమీద 4,999 రూపాయలని ముద్రించియున్నదనుకొనుడి. ఆ అంగడిలో అవి సంవత్సరమంతయు 2,999కే దొరకుచున్నవి. డిసెంబరులో వాటిపై 'నలువది శాతము తగ్గింపు' అను ఎఱ్ఱని చీటీ వ్రేలాడును. లెక్క సరిగానే యున్నది, నలువది శాతము తీసివేసిన దాదాపు 2,999యే వచ్చును. అయినను కొనువానికి ఒక్క రూపాయియు తగ్గలేదు. అంకె అబద్ధమాడలేదు, అంకెల జత అబద్ధమాడినది. సంచిలో రెండు రాళ్లన్నది ఇదియే.

రెండవ అపోహ కూడికలో నున్నది. 'ఏబది శాతము, దానిపై మరి ఇరువది శాతము' అని చదివినవారు డెబ్బది శాతము తగ్గినదని సంతోషింతురు. నాలుగువేల రూపాయల జోడు మొదట రెండువేలగును. ఆ రెండువేలలో ఇరువది శాతము నాలుగు వందలు. కట్టవలసినది 1,600, తగ్గినది అరువది శాతము. 'రెండు కొనిన ఒకటి ఉచితము' అనునది ఒకే ధరగల మూడు జతలమీద ముప్పది మూడు శాతపు తగ్గింపే. అదియు మూడు జతలు అవసరమైన వానికి మాత్రమే.

ఐరోపా సమాజము 2019లో చేసిన ఒక శాసనము 2022 మే 28 నుండి అమలులోనికి వచ్చెను. దాని ప్రకారము తగ్గింపు ప్రకటించు వర్తకుడు, తగ్గింపునకు ముందున్న కనీసము ముప్పది దినములలో తాను అమ్మిన అతి తక్కువ ధరనే పాత ధరగా చూపవలెను. భారతదేశములో 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టమును, 2022లో వెలువడిన మార్గదర్శక సూత్రములును తప్పుదారి పట్టించు ప్రకటనలను నిషేధించుచున్నవి. మోషే నోట పలుకబడిన ఆజ్ఞ ఇరువది ఒకటవ శతాబ్దపు శాసనకర్తలకు ఇంకను అవసరమగుచున్నది. తూనికరాళ్లు మారినవి, మనుష్య హృదయము మారలేదు.

అయితే న్యాయము ఇరువైపుల చూచును. ప్రతి తగ్గింపును మోసమే యనుట మరియొక అపోహ. కొన్ని కొలతల జతలు అమ్ముడై ఒకటి రెండు కొలతలు మిగిలిపోవుట, క్రొత్త నమూనాలకు చోటు చేయవలసివచ్చుట, అప్పు తీర్చుటకు రొక్కము కావలసివచ్చుట, ఇవి వర్తకుని యథార్థమైన అవసరములు. అట్టి అంగడిలో నిజముగానే మేలైన వస్తువు తక్కువ ధరకు దొరకును. ధర తగ్గించు ప్రతివానిని దొంగ యనుట కూడ పొరుగువానిమీద అబద్ధసాక్ష్యమే.

2. గిబియోనీయుల చెప్పులు

యెహోషువ గ్రంథము తొమ్మిదవ అధ్యాయములో కొందరు మనుష్యులు గిల్గాలులోని పాళెమునకు వచ్చిరి. తాము బహు దూరదేశమునుండి వచ్చితిమని చెప్పి, సాక్ష్యముగా అరిగిపోయి మాసికలు వేయబడిన చెప్పులను, ఎండి బూజుపట్టిన రొట్టెలను చూపిరి. నిజమునకు వారు గిబియోనువారు, అది సమీపముననే యున్న పట్టణము. ఇశ్రాయేలీయులు చెప్పులను చూచిరి, రొట్టెలను చూచిరి, యెహోవా యొద్ద విచారణ చేయలేదు. చెప్పుల పుట్టుకను గూర్చిన అసత్యమునకు పరిశుద్ధ గ్రంథములో ఇంతకంటె స్పష్టమైన దృష్టాంతము లేదు.

నేడును బూట్లు దూరదేశపు వేషము వేసికొని వచ్చును. అడుగున ఒక ఐరోపా దేశము పేరు ముద్రించియున్న, ఆ జోడంతయు అక్కడనే తయారైనదని కొనువారు నమ్ముదురు. వర్తక న్యాయము చూచునది వేరు. వస్తువునకు చివరి ముఖ్యమైన రూపము ఎక్కడ కలిగెనో ఆ దేశము పేరు వేయుటకు అనేక దేశములలో అనుమతి యున్నది. ఒక దేశములో ఒలిచిన తోలు మరియొక దేశములో పదును చేయబడి, ఇంకొకచోట కత్తిరించి కుట్టబడి, చివరకు అడుగుభాగము అంటించిన దేశము పేరుతో అంగడికి ఎక్కవచ్చును. తమిళనాడులోని ఆంబూరు, వాణియంబాడి, రాణిపేట ప్రాంతములు తోళ్లకును బూట్లకును లోకప్రసిద్ధములు. అక్కడ కుట్టబడిన పైభాగములు విదేశములకు ఎగుమతియై అక్కడి బూట్లలో భాగములగుచున్నవి. ఆంబూరు చుట్టుపట్ల అనేక స్త్రీలు తమ గుడిసెల అరుగులమీదనే కూర్చుండి, జతకింతయను కూలికి, చేతి సూదితో ఆ పైభాగములను కుట్టుచున్నారు. పెట్టెమీద వారి ఊరి పేరుండదు.

ముద్రను గూర్చిన అపోహ మరియొకటి కలదు. 'అసలు తోలు' అని యున్న చాలును, అది మొదటి తరగతి సరకని పలువురు భావింతురు. ఆ మాట వస్తువు తోలేనని చెప్పును, ఎటువంటి తోలో చెప్పదు. పశుచర్మమును అడ్డముగా పొరలుగా చీల్చుదురు. వెండ్రుకలున్న వైపు పైపొర గట్టిది, ఎక్కువకాలము మన్నును. క్రింది పొర బలహీనమైనది. దానిపై పూత పూసి, నకిలీ గీతలు అద్ది, పైపొరవలె కనబడునట్లు చేయవచ్చును, అప్పుడును అది తోలే. తోలు పొట్టును జిగురుతో కలిపి రేకులుగా ఒత్తినదియు తోలు పేరు పెట్టుకొని తిరుగుచున్నది. 1994లో ఐరోపా సమాజము చేసిన నిర్ణయము ప్రకారము అక్కడ అమ్ము ప్రతి జోడుమీద పైభాగము, లోపలి అస్తరు, అడుగుభాగము దేనితో చేయబడెనో వేర్వేరుగా గుర్తులు వేయవలెను. చర్మపు ఆకారము తోలునకు గుర్తు. ఆ ఆకారములోనే వజ్రపు చతురస్రముండిన అది పూతపూసిన తోలు. వట్టి చతురస్రమైన అది మరియొక పదార్థము. ఎగుమతి సరకు ఇక్కడి అంగళ్లకు వచ్చినప్పుడు ఆ గుర్తులను అడుగున చూడవచ్చును. గిల్గాలులో చెప్పులు చూచినవారుండిరి గాని విచారించినవారు లేరు. చూచుట వేరు, విచారించుట వేరు.

3. చర్మకారుడైన సీమోను ఇల్లు

యొప్పేలో అపొస్తలుడైన పేతురు అనేక దినములు బసచేసినది సీమోను అను ఒక చర్మకారుని యింట. ఆ ఇల్లు సముద్రపు దరి నున్నదని లూకా వ్రాయుచున్నాడు. చచ్చిన పశువులను ముట్టువాడు అపవిత్రుడని యూదులు అతనిని దూరముగా ఉంచిరి. తోళ్లు పదును చేయు స్థలము పట్టణమునకు ఏబది మూరల దూరములో, తూర్పు దిక్కున నుండవలెనని యూదుల మిష్నా గ్రంథము నిర్ణయించినది. ఆ వాసనను ఊరు భరించలేదు, ఆ చెప్పులు లేక ఊరు నడువనులేదు. అన్యజనులను గూర్చిన గొప్ప దర్శనము మిద్దెమీద పేతురునకు కలుగకముందే, అతడు చర్మకారుని చాపమీద పండుకొని యుండెను. సంఘము గడప దాటుటకు ముందు అపొస్తలుడు తోళ్ల వాసన పీల్చెను.

తెలుగు సంఘమునకు ఈ సంగతి పరాయిది కాదు. తంగేడు పట్టతోను కరక్కాయతోను లందలో తోలు నానబెట్టి, రైతునకు చెప్పులును మోటబావికి తోలు బానయు కుట్టి ఇచ్చిన మాదిగలకు పూర్వము గ్రామములో దొరికినది రొక్కపు వెల కాదు. కళ్లములో కొలిచి ఇచ్చు మేర, దానితోపాటు వెట్టి, ఊరి వెలుపల నివాసము. అటువంటి కుటుంబమునుండి వచ్చిన ఎఱ్ఱగుంట్ల పేరయ్య తోళ్ల వ్యాపారము నిమిత్తము సంచరించుచు సువార్త వినెను. 1866లో బాప్తిస్మము పొంది తన జనులకు అపొస్తలుని వంటివాడాయెను. 1878 జూలై 3న గుండ్లకమ్మ నదిలో ఒక్క దినమున 2,222 మంది బాప్తిస్మము పొందిరి. వారిలో మిక్కిలి అధికులు తోలుపని చేయువారే. ఒంగోలు మిషనరీ జాన్ క్లౌ గారి భార్య ఎమ్మా రౌషెన్‌బుష్ క్లౌ 1899లో ఈ జనులను గూర్చి వ్రాసిన గ్రంథమునకు 'చెప్పులు కుట్టుచుండగా' అను అర్థము వచ్చు పేరు పెట్టెను. ఈనాడు తెలుగు దేవాలయములలో పాడు సహస్ర కుటుంబముల పితామహులు సీమోను వృత్తివారు. బూట్లు కొనునప్పుడు తోలు చేసినవానిని మరచుట వారికి తమ పితరులను మరచుటయే.

ఆ చేతులు నేడు ఏ స్థితిలో నున్నవి? లోకములో తయారగు తోలులో అత్యధిక భాగము తంగేడు పట్టతో కాక క్రోమియము లవణములతో పదును చేయబడుచున్నది. వారములు పట్టిన పని ఒకటి రెండు దినములలో ముగియును, తోలు మెత్తగాను చవకగాను వచ్చును. మిగిలిన ఉప్పునీటిని, రసాయనపు నీటిని శుద్ధిచేయక విడిచిన, దాని వెల ఏటికి పడును. కుప్పము ప్రాంతముగుండ పారి తమిళనాడు ప్రవేశించు పాలారు నది కథ ఇందుకు సాక్ష్యము. 1996 ఆగస్టు 28న సుప్రీముకోర్టు వెల్లూరు పౌరుల సంక్షేమ వేదిక తెచ్చిన వ్యాజ్యములో తీర్పు చెప్పుచు, తోళ్ల కర్మాగారముల ప్రాంతములో దాదాపు 35,000 హెక్టార్ల సాగుభూమి కొంతగానో పూర్తిగానో సేద్యమునకు పనికిరాక పోయెనను లెక్కను పేర్కొనెను. కలుషితము చేసినవాడే పరిహారము చెల్లింపవలెనను సూత్రమును దేశ న్యాయములో భాగముగా ప్రకటించెను. 2025 జనవరి 30న అదే పాలారు తీరపు సంగతి మరల ఆ న్యాయస్థానము తీర్పు చెప్పవలసివచ్చెను. 2015 జనవరి 31న రాణిపేటలో మురుగు శుద్ధి కేంద్రపు తొట్టి గోడ కూలి, ఆ బురద ప్రక్కనున్న కర్మాగారములో నిద్రించుచున్న వారిని ముంచివేయగా పదిమంది మరణించిరి. వారిలో ఎక్కువమంది దూరరాష్ట్రము నుండి కూలికి వచ్చినవారు.

ఈ సంగతులు విని తోలు వృత్తి అంతయు చెడ్డదనుట మరల సీమోనును ఊరి వెలుపలికి నెట్టుట వంటిదే. నీటిని శుద్ధిచేయుటకు ధనము వెచ్చించుచు, కూలివారికి చేతితొడుగులు ఇచ్చి, జీతము దినము తప్పక చెల్లించు యజమానులును ఉన్నారు. మాంసము నిమిత్తమై చంపిన పశువుల చర్మమే అధికముగా తోలగుచున్నది, తోలుకొరకే పశువులను చంపుదురనుట సాధారణముగా నిజము కాదు. నిషేధింపవలసినది వృత్తిని కాదు, ఆ వృత్తిలోని ఖర్చును నదిమీదను కూలివానిమీదను త్రోసివేయు పద్ధతిని.

4. తక్కువ ధర పాపమా?

ఇక్కడ ఒక కఠినమైన ప్రశ్న లేచును. చవకగా కొనినవాడు కూలివాని రక్తము త్రాగినవాడా? నెలజీతము చాలని ఉపాధ్యాయుడు, ముగ్గురు పిల్లల తల్లియైన విధవరాలు తగ్గింపు అంగడికి కాక మరి ఎచ్చటికి పోవుదురు? వారి తలమీద ఈ భారమును మోపువాడు, వ్రేలితోనైనను ముట్టని బరువులను ఇతరుల భుజములమీద పెట్టిన శాస్త్రుల సరసన నిలుచును.

ఈ విషయములో రెండు అపోహలు ఒకదానికొకటి ఎదురుగా నిలిచియున్నవి. తక్కువ ధర యున్నచోట అన్యాయముండి తీరునన్నది ఒకటి. ఎక్కువ ధర యిచ్చిన కూలివానికి న్యాయము జరిగెనన్నది రెండవది. రెండును తప్పే. పండుగ సరకు కుట్టుపని నెలలకు ముందే ముగియును, కూలి అప్పుడే నిర్ణయమగును. డిసెంబరు తగ్గింపు ఆ కూలిని వెనుకకు పోయి తగ్గింపలేదు, పేరుమోసిన అంగడి వేయు అధిక ధర దానిని పెంచనులేదు. ధరలో ఎక్కువ భాగము ప్రకటనలకు, అద్దెలకు, పేరుకు, మధ్యవర్తులకు పోవును. అయితే ఒకటి నిజము. ప్రతి సంవత్సరము ఇంకను చవకగా కావలెనని అంగడి పట్టుబట్టినప్పుడు, ఆ ఒత్తిడి మరుసటి సంవత్సరపు ఒప్పందములోనికి దిగి, చివరకు సూది పట్టిన చేతిమీద నిలుచును. ఆలస్యముగా వచ్చినను వచ్చునది వచ్చును. ఒకని అతితక్కువ ధర ఎక్కడనో ఒకని కూలిని కోసియుండవచ్చును గనుక, అడిగి తెలిసికొనుట శక్తిగలవాని ధర్మము.

లేఖనము అమ్మువానిని మాత్రమే గద్దించి ఊరకుండలేదు. సామెతలు ఇరువదవ అధ్యాయము పదునాలుగవ వచనములో కొనువాడు వస్తువు బాగుగ లేదు, బాగుగ లేదని పలుకుచు ధర దించి, వీధి మలుపు తిరిగిన వెంటనే తన తెలివికి తానే మురియుచున్నాడు. రోడ్డు ప్రక్క గొడుగు క్రింద కూర్చుండి చెప్పులు కుట్టువానితో పది రూపాయలకు బేరమాడి, అద్దాల అంగడిలో అడిగినంత ఇచ్చి వచ్చు క్రైస్తవుని చిత్రమే అది. అద్దాల అంగడిలో బేరమాడుటకు సిగ్గు, గొడుగు క్రింద బేరమాడక విడుచుటకు సిగ్గు.

కొనువాని మనస్సాక్షి సువార్త పనిలో చేరిన చరిత్ర కూడ కలదు. విలియము కేరీ ఇంగ్లండులో బూట్లు కుట్టుట నేర్చిన వృత్తికారుడు, పిమ్మట సేరంపూరులో బైబిలు తర్జుమాలకు పునాది వేసెను. 1818లో తెలుగు క్రొత్త నిబంధన ఆ ముద్రాలయమునుండియే వెలువడెను. భారతదేశమునకు రాకముందు 1792లో తాను ప్రచురించిన చిన్న గ్రంథములో, బానిసల కష్టముతో పండిన పడమటి దీవుల చక్కెరను అనేక కుటుంబములు మానివేసిన సంగతిని కేరీ ప్రస్తావించెను. అట్లు మిగిలిన సొమ్ము సువార్త పనికి ఉపయోగపడవచ్చునని సూచించెను. చక్కెర తీపిని బట్టి కాక, దాని పుట్టుకను బట్టి విలువ కట్టిన విశ్వాసులు ఆనాడే ఉండిరి.

5. విశ్వాసి అంగడిలో

కాబట్టి విశ్వాసి చేయదగినదేమి? మొదటిది, కొట్టివేసిన అంకెను చూడక కట్టవలసిన అంకెను చూచుట. ఆ అంకె ఈ వస్తువునకు తగునా, ఈ అవసరమునకు తగునా అను రెండు ప్రశ్నలు చాలును. తగ్గింపు ఎంతయను మూడవ ప్రశ్న అడుగకుండనే నిర్ణయింపగలవాడు మోసపోడు. పండుగకు ఒక నెల ముందే ధర వ్రాసికొని యుంచినవానికి డిసెంబరు చీటీ భయపెట్టదు, మురిపింపదు.

రెండవది, మన్నికకు విలువ ఇచ్చుట. ఇశ్రాయేలీయులు నలువది సంవత్సరములు అరణ్యములో నడచినను వారి కాలి చెప్పులు పాతగిల్లలేదని మోషే జ్ఞాపకము చేయుచున్నాడు. దేవుడు తన జనులకు ఏటేటా క్రొత్త జతలు కురిపింపలేదు, ఉన్న జత అరుగకుండ చేసెను. అడుగుభాగము కేవలము అంటించిన బూటు విడిపోయినప్పుడు సాధారణముగా పారవేయుదురు. అడుగును కుట్టిన బూటునకు చర్మకారుడు మరల మరల క్రొత్త అడుగు వేయగలడు. స్తోమతు గలవాడు రెండు చవక జతలకు బదులు ఒక మంచి జతను కొని, బాగుచేయించుకొనుచు వాడిన, అంగడికి పోవు సొమ్ములో కొంత వీధిలోని చేతికి చేరును.

మూడవది, అడుగుట. ఈ తోలు ఏ ఊరిది, ఎవరు కుట్టిరి అని అడుగు కొనుగోలుదారుడు అంగడివానికి వింతగా కనబడవచ్చును. ఒకడడిగిన వింత, నూరుగురడిగిన లెక్కలోనికి వచ్చును. సంఘముగా బీద పిల్లలకు క్రిస్మసు బూట్లు పంచువారు, పాఠశాలలకును వసతిగృహములకును వందల జతలు కొనువారు ఈ ప్రశ్నను తప్పక అడుగవలెను. ఏలయనగా అంతటి కొనుగోలుదారుని మాట వర్తకుడు వినును. బీదవానికి ఇచ్చు దానము మరియొక బీదవాని కూలినుండి తీసినదైన, ఆ దానము ఆమోసు చూచిన చెప్పుల జోడే యగును.

నాలుగవది, క్రైస్తవ వర్తకులకు. పాత ధర అని చూపిన అంకెకు నిజముగా అమ్మియుండవలెను, లేనియెడల దానిని చూపకుండవలెను. యొర్దాను తీరమున, రాబోవువాని చెప్పుల వారు విప్పుటకును తాను యోగ్యుడను కానన్న బాప్తిస్మమిచ్చు యోహాను, మారుమనస్సును గూర్చి అడిగిన సుంకరులకు గొప్ప తపస్సులేమియు చెప్పలేదు. నిర్ణయింపబడిన దానికంటె ఎక్కువ తీసికొనవద్దనెను. క్రిస్మసునకు త్రోవ సిద్ధపరచిన ప్రసంగీకుని మొదటి పాఠములలో ఒకటి న్యాయమైన వసూలు.

6. వెండికి అమ్మబడిన నీతిమంతుడు

ఆమోసు రెండవ అధ్యాయములో చెప్పుల జోడునకు ముందు మరియొక మాట కలదు. వారు నీతిమంతుని వెండికి అమ్మివేసిరి. ప్రవక్త పలికినది తన కాలపు న్యాయస్థానములలో అమ్ముడుపోయిన నిర్దోషులను గూర్చియే. అయితే ఆ మాట అక్కడ ఆగలేదు. ఏడు శతాబ్దములకు పైగా గడచిన పిమ్మట, పస్కా పండుగ సమీపించుచుండగా, యెరూషలేములో నీతిమంతుడైన ఒకడు ముప్పది వెండి నాణెములకు అమ్మబడెను. పండుగ, వెండి, బేరము, ఇవియన్నియు మరల ఒక్కచోట చేరెను. అమ్మినవాడు పండుగ భోజనపు బల్లయొద్ద కూర్చుండినవాడే. అమ్మబడినవాడు ఆ రాత్రియే, చెప్పులు విడిచిన శిష్యుల పాదములను కడిగెను. కడిగిన పాదములలో అమ్మినవాని పాదములును ఉండెను.

క్రిస్మసు శిశువును గూర్చి ధ్యానించు సంఘము ఈ సంగతిని విడువరాదు. తొట్టిలో పరుండినవాడు అంగడిలో అమ్ముడైన బీదలతో చేరుటకే వచ్చెను. ఎవరి బ్రదుకునకు చెప్పుల జోడంత వెల కట్టబడెనో వారి వెలను ఆయన తన రక్తముతో మార్చివ్రాసెను. దేవుని లెక్కలో అరుగుమీద కూర్చుండి పైభాగములు కుట్టు స్త్రీ వెల, రాణిపేట బురదలో ప్రాణము విడిచిన కూలివాని వెల, కల్వరి సిలువయే. దానిపై తగ్గింపు లేదు.

తప్పిపోయిన కుమారుడు పందుల పొలమునుండి వట్టి కాళ్లతో తిరిగివచ్చినప్పుడు, తండ్రి తెప్పించినవాటిలో చెప్పులు కూడ నుండెను. దాసులు వట్టి కాళ్లతో తిరుగుదురు, కుమారులు చెప్పులు తొడుగుకొందురు. ఆమోసు దినములలో మనుష్యుని దాసునిగా చేసిన చెప్పుల జోడే తండ్రి ఇంట దాసుని కుమారునిగా చేసిన గుర్తాయెను. రూకలు లేనివారిని కూడ రమ్మని యెషయా పిలిచిన అంగడి అది. అక్కడ కొట్టివేసిన పాత ధర నిజమైనది, దానిని చెల్లించినవాడు ఒకడున్నాడు. గనుకనే అక్కడ ఉచితమన్నది అబద్ధము కాదు.

ఈ క్రిస్మసునకు తెలుగు గృహములలో క్రొత్త బూట్లు తొడుగుకొను ప్రతి బిడ్డ పాదములకు పౌలు చెప్పిన సమాధాన సువార్తవలన కలుగు సిద్ధమనస్సు అను జోడును దొరకును గాక. ఆ బూట్లు కుట్టిన చేతులకు వారి కూలి సూర్యుడు అస్తమింపకముందే చేరును గాక. రెండు రాళ్లు మోయు సంచి ప్రతి క్రైస్తవ అంగడినుండి తొలగిపోవును గాక. ఆమేన్.